నాటినోడే పీకాలి

తెల్లారుజాము నాలుగున్నరకే చెంచులక్ష్మి తండ్రి చెయ్యి పట్టుకుని ఉప్పు కయ్యల గట్టెక్కింది. ఆయన్ని ఇంట్లో వదిలి రావాలంటే భయం. మొన్న ఒక్క పూట వదిలితే రోడ్డు మీదికి నడిచిపోయి వాకాడు బస్సెక్కి కూర్చున్నాడు, కలెక్టరుతో మాట్లాడాలంట. కండక్టరు ఎరిగినవాడు కాబట్టి సరిపోయింది.

"చూసి అడుగెయ్ నాయనా, జారతాది."

"నాకు చెప్పొచ్చినావా? ఈ గట్లు ఏయించిందే నేను," అన్నాడు ముత్యాలయ్య.

ఆ మాట మాత్రం నిజం. దిబ్బపాళెం ఉప్పు కూలోళ్ళ సంఘానికి ఈ నలభై ఎకరాలు లీజుకొచ్చినాయంటే ఆయన చలవే. ఎవరి కయ్యల్లోనో కాళ్ళు పుండ్లు పడేలా పనిచేసినవాళ్ళు ఇప్పుడు తమ ఉప్పు తాము లాగుకుంటున్నారు. లాగుకునేటట్టు చేసిన మనిషి మాత్రం వెనకెక్కడో ఆగిపోయినాడు. దొర, మేస్త్రి, సమ్మె, చర్చలు, ముప్పై ఏళ్ళ కిందటివన్నీ ఆయనకి ఇవాళ్టి సంగతులు. కూతుర్ని కూతురని గుర్తుపట్టి ఏడాది దాటింది. ఒకరోజు కామాక్షమ్మా అని పిలుస్తాడు, అది ఎప్పుడో పోయిన పెళ్ళాం పేరు. మిగతా రోజులన్నీ ఏమ్మే, ఓమ్మే. ఎవరో ఆడమనిషి కూడు పెడుతోంది, పెట్టనీలే అన్నట్టు చూస్తాడు. ఒళ్ళు కడిగినా, బట్టలు మార్చినా చెంచులక్ష్మికి కష్టం అనిపించలేదు గానీ, ఆ పరాయి చూపు మాత్రం రోజుకొకసారి ప్రాణం తీసేది.

తాటాకు పాక కింద ఆయన్ని కూర్చోబెట్టి, మంచినీళ్ళ క్యాను పక్కన పెట్టి, చీర ఎగదోపుకుని కయ్యలోకి దిగింది. రోహిణి కార్తె. ఎండ ఎక్కిందంటే ఉప్పు తెలుపుకి కళ్ళు తెరవలేరు. అందుకే చీకటుండగానే మొదలు. ఉప్పు లాగే పలకంటే పెద్దదేం కాదు, నిలువెత్తు కర్రకి అడ్డంగా బిగించిన చెక్క. నీళ్ళ కింద పేరుకున్న ఉప్పుని, అడుగు బురద రేగకుండా, నడుం వంచి మెల్లిగా గట్టు దాకా లాక్కురావాలి. తొందరపడినావా, ఉప్పు నల్లబడి కూర్చుంటుంది. ఆ ఒడుపు చెంచులక్ష్మికి ఎవరు నేర్పినారో వేరే చెప్పాలా?

"ఏం ముత్యాలన్నా, ఇయ్యాల మీటింగు లేదా?" గురవమ్మ తట్ట నెత్తికెత్తుకుంటా అడిగింది. మొదటి సమ్మెలో ముత్యాలయ్య పక్కన కూర్చున్న ఆడోళ్ళలో ఇంకా పనికి వస్తున్నది ఆమె ఒక్కతే.

"ఉంది. జనం చాల్లేదు. పోయి నలుగుర్ని పిల్చుకురాపో."

"నీ మీటింగు పాడుగాను, ఎప్పుడూ నన్నే పంపిస్తావు!"

ఆడోళ్ళంతా నవ్వినారు. ఆయన కూడా నవ్వినాడు. చెంచులక్ష్మికి ఆ నవ్వు చూసి కడుపు నిండినట్టయింది.

ఏడు గంటలప్పుడు గంగులయ్య మోటారు సైకిలు మీద వచ్చినాడు. సంఘానికి ఇప్పుడు కార్యదర్శి. వస్తూనే ఫోను చూపించి, "అల్పపీడనమంట. రేపు సాయంత్రానికి వాన," అన్నాడు.

అందరి మొహాలూ మాడిపోయినాయి. నలభై ఎకరాల్లో ఉప్పు పండి ఉంది. గట్టుకి చేరింది నాలుగో వంతు కూడా లేదు. ఒక్క పెద్ద వాన పడితే చాలు, నెల రోజుల కష్టం నీళ్ళలో కలిసిపోతుంది.

"అదొక్కటేనా?" అన్నాడు గంగులయ్య. "వారంలోగా రెవెన్యూ వాళ్ళు చూసేదానికి వస్తారు. గట్టు మీద రాశి కనపడకపోతే నేల ఖాళీగా పడుండాదని రాసుకుని పోతారు. లీజు పోయినట్టే. పక్కనోడు నోరు తెరుచుకుని కూర్చోనుండాడు."

పక్కనోడంటే నెల్లూరు కంపెనీ. చుట్టూ కయ్యలన్నీ దానివే, మధ్యలో ఈ నలభై ఎకరాలే అడ్డం.

"అయితే రేపు చీకటుండగానే ఇంటికందరూ దిగాల," అంది చెంచులక్ష్మి. "మొగోళ్ళు కూడా. ఒక్కరోజు వేటకి పోకపోతే సముద్రం యాడికీ పోదు. మధ్యాన్నానికి లాగేద్దాం, సాయంత్రానికి పట్టలు కప్పేద్దాం."

ఆ మాట అనుకుని పనిలో పడినారో లేదో, తెల్ల కారొకటి వచ్చి గట్టు పక్కన ఆగింది. కంపెనీ మేనేజరు శివశంకర్ దిగినాడు. తెల్ల చొక్కా, నల్ల కళ్ళద్దాలు. మర్యాదస్తుడే, ఎవరినీ ఏమీ అనడు. నేరుగా పాకలోకి పోయి ముత్యాలయ్య కాళ్ళకి దణ్ణం పెట్టి, పక్కన కూర్చుని ఫోటో తీసుకున్నాడు.

ముత్యాలయ్య ఆ తెల్ల చొక్కాని కిందినుంచి మీదిదాకా చూసినాడు. "చర్చలకి వచ్చినావా? రాతపూర్వకంగా తెచ్చినావా?"

శివశంకర్ నవ్వి, "అన్నీ రాసుకొచ్చినా పెద్దాయనా. మీరు సంతకం పెట్టి కయ్యలు అప్పజెప్తే చాలు," అన్నాడు. తమాషాకే అన్నాడు. అక్కడున్న అందరికీ అది తమాషా అనే తెలుసు, ఒక్కరికి తప్ప.

ఆ పూటంతా ముత్యాలయ్య కూడు ముట్టలేదు. "అప్పజెప్పేదా? అప్పజెప్పేదా?" అని తనలో తనే గొణుక్కుంటా కూర్చున్నాడు.

*

మర్నాడు లేచి చూస్తే మంచం ఖాళీ. చెంచులక్ష్మి చెప్పులు కూడా వేసుకోకుండా పరిగెత్తింది.

గట్టు మొదట్లో జనం గుంపుగా నిలబడి ఉన్నారు. ఆడోళ్ళూ మొగోళ్ళూ కలిపి నూరు మందికి పైనే. తట్టలు, పలకలు, టార్పాలిన్ పట్టలు అన్నీ చేతుల్లోనే ఉన్నాయి. ఒక్కరూ కయ్యల్లోకి దిగలేదు. ఆమె జనాన్ని తోసుకుని ముందుకొచ్చి, అట్టే నిలబడిపోయింది.

పలక తిరగేసి, చెక్క పైకి వచ్చేటట్టు గట్టు మధ్యలో నాటి ఉంది. చెక్కకి ఎర్ర తువ్వాలు కట్టి ఉంది. దాని మొదట్లో కర్రని రెండు చేతులా పట్టుకుని ముత్యాలయ్య కూర్చుని ఉన్నాడు.

ఇది ఆయన కనిపెట్టిన గుర్తే. జెండా కొనుక్కునే దిక్కు లేని రోజుల్లో చేతిలో ఉన్న పలకనే తిరగేసి నాటినాడు. నాటినారంటే పని ఆగినట్టు, దాటి ఎవరూ దిగకూడదు. నాటినోడే పీకాలి. ఇంకొకరు చెయ్యేస్తే చెల్లదు. ఒకసారి మేస్త్రి పీకి కాలవలో పారేస్తే, పదకొండు రోజులు ఆ ఉత్త గుంత చుట్టూ కూర్చున్నారు గానీ ఒక్క కాలు కయ్యలో పడలేదు. దొర దిగొచ్చి మంచినీళ్ళ తొట్టి కట్టిస్తానని రాసిచ్చినాక, ముత్యాలయ్య మళ్ళీ పలక నాటి, తన చేత్తో తనే పీకినాడు. పోలీసులకి కూడా ఏం చెయ్యాలో తోచలేదంట, కర్ర మీద ఏ సెక్షను కింద కేసు పెడతారు? ఇప్పటికీ కంపెనీ కయ్యల్లో ఆడోళ్ళ చేతిలో ఉన్నది ఆ గుర్తొక్కటే. అక్కడ పలక నిలబడితే మేస్త్రి గొంతు తగ్గుతుంది.

"నాయనా, ఇది మన కయ్యే. మన ఉప్పే. లెయ్ నాయనా," అంది చెంచులక్ష్మి మోకాళ్ళ మీద కూర్చుని.

"మనదని నాకు తెలీదా? మనది కాబట్టే నాటినా. కయ్యలు అప్పజెప్పమంటాడా వాడు? రానీ, మాట్లాడదాం."

తూర్పున మబ్బు లేస్తోంది. గంగులయ్య ముందుకొచ్చి గట్టిగా అరిచినాడు. "గెలిచినాం పెదనాయనా! వాళ్ళు ఒప్పుకున్నారు. సమ్మె అయిపోయింది!"

"కాయితం ఏదీ?"

గంగులయ్య బిత్తరపోయినాడు. పక్కకి పోయి హాజరు పుస్తకంలో కాయితం చింపి, మోటారు సైకిలు సీటు మీద పెట్టి గబగబా రాసి తెచ్చినాడు. ముత్యాలయ్య దాన్ని వెలుగుకి పట్టి, పెదాలు కదిలిస్తా చదివినాడు. చదివి మడత పెట్టి జాలిగా చూసినాడు.

"ఇది నీ రాత గదరా గంగులూ. లేబరాఫీసరు సంతకం ఏదీ? ముద్ర ఏదీ? నోటి మాటలకి ఎన్నిసార్లు మోసపోయినాంరా మనం! ఇంకా బుద్ధి రాకపోతే ఎట్ట?"

గురవమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని ఏడ్చేసింది. "బుద్ధి యాడికీ పోలేదమ్మా ముత్యాలన్నకి. మనుషులు పోయినారు, అంతే."

ఆరయింది. ఏడయింది. మజ్జిగ తెచ్చిచ్చినారు, తాగలేదు. మంచిగా చెప్పినారు, కసిరినారు, కాళ్ళు పట్టుకున్నారు. ఆయన కర్ర వదల్లేదు. మబ్బు నడినెత్తికి వస్తోంది. గాలి తిరిగి, తడి మన్ను వాసన తగిలింది.

చెంచులక్ష్మి లేచి జనం వైపు తిరిగింది. "దిగండి. ఆయనకి మతి లేదు, మీకందరికీ తెలుసు. దాటి దిగండి."

ఎవరూ కదల్లేదు. గంగులయ్య కూడా నేల చూపులు చూసినాడు.

"అట్ట చెప్పబాకు తల్లే," అంది గురవమ్మ. "ఇయ్యాల ముత్యాలన్నకి మతి లేదని మనం దాటితే, రేపు కంపెనీ కయ్యల్లో నాటిన ప్రతి ఆడదానికీ మతి లేదంటారు వాళ్ళు. ఆ పలక ఎవురు నాటినారని చూడకూడదు. నాటితే నాటినట్టే."

"అయితే ఉప్పు కరిగిపోనీమంటావా అత్తా? లీజు పోనీమంటావా? ఈ కయ్యల కోసం ఆయన మూడుసార్లు జైలుకి పోయినాడు. ఆయన చేత్తోనే వీటిని పోగొట్టమంటావా?"

అందరూ తట్టలు పట్టుకుని అట్టే నిలబడినారు. వాళ్ళకి అట్ట నిలబడడం నేర్పినవాడు గట్టు మీద కూర్చుని వాళ్ళ వైపు చూసి తల ఊపినాడు, శభాష్ అన్నట్టు.

ఆ తల ఊపడం చెంచులక్ష్మి కూడా చూసింది. అయినా వంగి కర్ర పట్టుకుంది.

"ఎవురే నువ్వు? చెయ్యి తియ్!"

ఎనభై ఏళ్ళ చేతుల్లో అంత బలం ఎక్కడుందో. ఆమె ఆయన వేళ్ళు ఒక్కొక్కటే విడదీసింది. ఒకటి విడదీస్తే ఇంకొకటి మళ్ళీ బిగుసుకుంటోంది. ఉప్పుకి పగిలిన చేతులు, గోళ్ళన్నీ అరిగిపోయిన చేతులు. చిటికెన వేలు దగ్గర ఆమెకి ఏడుపు ఆగలేదు. ఏడుస్తానే తీసింది. కర్రని అటూ ఇటూ ఊపి పీకేసింది.

"కంపెనీ తొత్తా! ఎంతకి అమ్ముడుపోయినావే!" ముత్యాలయ్య గొంతు గట్లన్నీ దాటి వినపడింది. ఆయన ఉమ్మిన ఉమ్ము ఆమె పాదం మీద పడింది.

అవతల కంపెనీ గట్టు మీద శివశంకర్ ఫోను ఎత్తి పట్టుకుని నిలబడి ఉన్నాడు.

చెంచులక్ష్మి ఎర్ర తువ్వాలు విప్పి తండ్రి ఒళ్ళో పెట్టింది. అదే పలకతో కయ్యలోకి దిగి, ఒక్కతే లాగడం మొదలుపెట్టింది. ఒక వరస లాగింది. రెండో వరస లాగింది. మూడో వరసలో ఉండగా వెనక నీళ్ళ చప్పుడయింది. గురవమ్మ. చెంచులక్ష్మి మొహం చూడకుండా పక్క వరస అందుకుంది. ఆ తర్వాత ఒక్కొక్కరే తలొంచుకుని దిగినారు. నూరు మంది పని చేస్తుంటే ఒక్క మాట లేదు, ఒక్క పాట లేదు, పిండం పెట్టే చోట ఉన్నట్టుంది.

మూడు గంటలకి చినుకు మొదలయింది. అప్పటికి సగానికి పైగా గట్టెక్కింది. పట్టలు కప్పి, అంచుల మీద మట్టి పెళ్ళలు పెట్టేసరికి కుంభవృష్టి. మిగిలిన కయ్యల్లో తెల్లగా ఉన్న నేల చూస్తుండగానే బూడిదరంగుకి తిరిగింది.

*

మూడోరోజు రెవెన్యూ వాళ్ళు వచ్చినారు. రాశుల పక్కన నిలబడి ఫోటోలు తీసుకున్నారు, పట్ట ఎత్తి ఉప్పు పిడికిట్లోకి తీసుకుని చూసినారు. ఉప్పు తీస్తున్నట్టు రాసుకున్నారు.

"బతికినాం చెంచక్కా. నువ్వు లేకపోతే పోయిండేది," అన్నాడు గంగులయ్య. ఆ మాట అనేదానికి ఆమె దగ్గరికి ఒక్కడే వచ్చినాడు. మెల్లిగా అన్నాడు.

సాయంత్రం గురవమ్మ ఇంటికొచ్చింది. మూడు రోజులుగా ఆమె చెంచులక్ష్మితో మాట్లాడలేదు. ఇప్పుడు కూడా అరుగు మీద కూర్చుని, వీధి వైపు చూస్తా చెప్పింది.

"కంపెనీ కయ్యల్లో రెండు రోజులుగా మంచినీళ్ళ ట్యాంకరు రాలేదంట. పొద్దున ఆడోళ్ళు పలక నాటినారు."

చెంచులక్ష్మి చేట దింపింది.

"ఆ మేనేజరు వచ్చినాడంట. అరవలేదు, తిట్టలేదు. ఫోను తీసి అందరికీ ఆ వీడియో చూపించినాడు. 'ముత్యాలయ్య కూతురే పీకింది, నేను పీకితే తప్పా?' అని ఒంటిచేత్తో పీకి పక్కన పెట్టినాడంట. కాసేపు నిలబడినారంట. ఆ తర్వాత దిగినారు." గురవమ్మ ఇటు తిరిగింది. "నిన్ను అనేదానికి కాదు తల్లే. నేనూ దిగినా గదా. నా కాళ్ళు నేనే ఇరగ్గొట్టుకోవాలనిపిస్తుండాది."

చెంచులక్ష్మి దింపిన చేట మళ్ళీ ఎత్తుకుంది. కయ్యలు మిగిలినాయి. కయ్యల కన్నా పెద్దదేదో ఆయన ఈ ఊళ్ళకి ఇచ్చినాడు, అది ఆమె చేత్తో పోయింది. అవును, తన చేత్తోనే. ఇంకొకరి మీదికి నెట్టేదానికి లేదు. మళ్ళీ ఆ పొద్దు వచ్చినా మళ్ళీ పీకాల్సిందే, మళ్ళీ పోవాల్సిందే.

లోపల మంచం మీద ముత్యాలయ్య గోడ వైపు తిరిగి పడుకున్నాడు. పలక పీకినప్పటినుంచి మెతుకు ముట్టలేదు. పొద్దున చేసింది సాయంత్రానికి మరిచిపోయే మనిషి, ఇదొక్కటి మరవలేదు. నిన్న గురవమ్మ చెంచులక్ష్మిని పలకరించకుండానే లోపలికొచ్చి గంజి పట్టిస్తే, "నువ్వూ దిగినావు గదా," అని గ్లాసు తోసేసినాడు. ఆరోగ్య కేంద్రం నర్సు వచ్చి చూసి, ఎట్టో ఒకట్ట నాలుగు ముద్దలు పెట్టండి, లేకపోతే మనిషి దక్కడు అని చెప్పిపోయింది.

చెంచులక్ష్మి పప్పన్నం మెత్తగా పిసికి తీసుకుపోయింది. "రెండు ముద్దలు తిను పెద్దాయనా." నాయనా అనేదానికి నోరు రాలేదు.

"పలక పీకిన చేయి అది. ఆ చేత్తో తినను."

"పోనీ ఎవరి చేత్తో తింటావు?"

"నా కూతురుంది. చెంచు. బడి వదిలే టయిమయింది. అదొస్తే తింటా. నువ్వు పో."

ఆమె కంచం పట్టుకుని దొడ్లోకొచ్చింది. తొట్టి దగ్గర నిలబడి మొహం కడుక్కుంది, కడిగిన కొద్దీ తడి అవుతానే ఉంది. కంచం తొట్టి గట్టున పెట్టి కొప్పు విప్పింది. జుట్టు రెండు పాయలు తీసుకుని ఒక పాయ అల్లింది. నలభై ఆరేళ్ళ తల, సగం నెరిసింది. రెండో పాయ చిక్కుపడి అల్లడం రాలేదు.

గురవమ్మ వచ్చి వెనక నిలబడింది. ఆ పాయ చేతిలోకి తీసుకుని, చిక్కు తీసి, బిగించి అల్లింది. తన చేతికున్న రబ్బరు బ్యాండు తీసి చివర వేసింది. కంచం అందించింది.

"నాయనా! వచ్చినా," అంది చెంచులక్ష్మి గడపలో నిలబడి.

ముత్యాలయ్య గోడ వైపునుంచి ఇటు తిరిగినాడు. చాలాసేపు చూసినాడు.

"ఇంతసేపు ఏం చేసినావు చెంచూ? రా, కూర్చో."

ఏడాది తర్వాత విన్నది ఆ పేరు. ఆమె మంచం పట్టె మీద కూర్చుంది. ఆయన లేచి ఆమె మోకాలి మీద చెయ్యి వేసి, గొంతు తగ్గించి చెప్పినాడు.

"ఎవురో ఆడమనిషి వచ్చి పలక పీకేసింది తల్లే. నేను పట్టుకోనుండంగానే. వేళ్ళు విడదీసి లాక్కునింది."

"విన్నా నాయనా."

"ఎవురు కన్న బిడ్డో. మంచీ చెడ్డా చెప్పి పెంచలేదు."

"అవును నాయనా."

ఆమె ముద్ద కలిపి ఎత్తింది. ఆయన నోరు తెరవకుండా ఆమె కళ్ళలోకే చూస్తున్నాడు.

"నువ్వయితే పీకేదానివా చెంచూ?"

ముద్ద పట్టుకున్న చెయ్యి గాల్లో ఆగింది. గుమ్మం దగ్గర గురవమ్మ మొహం అటు తిప్పుకుంది.

"లేదు నాయనా. చచ్చినా పీకను."

ఆయన నోరు తెరిచినాడు. ఆమె ముద్ద పెట్టింది.